ఎదురింటి టీవీ మీద హియరింగు

ఈ గొడవకు కారకులెవరో ముందే చెప్పేసుకుందాం. తర్వాత మర్యాద అడ్డొచ్చి చెప్పలేకపోవచ్చు. పొద్దున్నే నలుగురిని కూర్చోబెట్టి, నలుగురి మైకులూ ఒకేసారి తెరిచి, ఆ రొదకు చర్చ అని పేరు పెట్టిన టీవీ ఛానళ్ళవాళ్ళు మొదటి దోషులు. సబ్బు ప్రకటన గొంతు మితిమీరకూడదని నిబంధనల్లో రాసి, చర్చ గొంతు గురించి రాయడం మరిచిపోయిన ఢిల్లీవాళ్ళు రెండో దోషులు. అయ్యా, సబ్బు అమ్మేవాడు అరిస్తే తప్పు, దేశాన్ని ఉద్ధరించేవాడు అరిస్తే ఒప్పూనా? మీ ఇద్దరి మధ్యా నలిగి కొత్తగూడలో ఒక పెద్దమనిషి పరువు, ఆయన కూతురి ఉద్యోగం, ఒక పసిపిల్ల పాలు ఏమయ్యాయో వినండి. వినపడితేనే లెండి.

పెద్దమనిషి పేరు విశ్వేశ్వరరావు. రాజమండ్రి వైపు పంచాయతీరాజ్ ఆఫీసులో సూపరింటెండెంటుగా రిటైరై, భార్య భ్రమరాంబతో సహా కొత్తగూడలో కూతురి అద్దె ఫ్లాట్‌కు వచ్చి ఉంటున్నాడు. సర్వీసులో ఆయనకు పేరు తెచ్చింది వేలంపాటలు. సంతలు, రేవులు, చేపల చెరువులు, అన్నిటికీ ఆయనే పాట పెట్టేవాడు. మైకు పట్టుకున్న పాపాన పోలేదు. ఊరవతల చెరువులో గేదెలు కూడా తల తిప్పి చూసేవట. ఇంట్లో మాత్రం ఆ గొంతు ఎవరూ విని ఎరగరు. ఎదుటిమనిషి మొహం మీద "నాకిది ఇబ్బందిగా ఉంది" అనడం ఆయన వల్ల కానే కాదు. కాగితం చేతికిస్తే మాత్రం ఎంతటివాణ్ణయినా కడిగిపారేస్తాడు.

కూతురు సంయుక్తది మాదాపూర్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. అల్లుడు ఉదయ్ భాస్కర్ తెల్లారకముందే క్యాబెక్కి నార్సింగి అవతలి ఆఫీసుకు పోతాడు. వాళ్ళ పాప రసజ్ఞకు పది నెలలు. పాలసీసా చూస్తే చాలు, అప్పు అడగడానికి వచ్చిన చుట్టాన్ని చూసినట్టు మొహం తిప్పుకుంటుంది. తల్లి దగ్గర తప్ప తాగదు. అందుకని సంయుక్త మేనేజరు స్వాతిని బతిమాలి ఇంటి నుంచి పని చేసుకుంటోంది. ఆమె క్లయింట్లు మెల్‌బోర్న్‌లో ఉంటారు. మనకు పొద్దున్నే ఏడున్నర అయ్యేసరికి వాళ్ళకు మధ్యాహ్నం. రోజూ అప్పుడే మీటింగు.

సరిగ్గా ఆ ఏడున్నరకే ఎదురింట్లో ఢంకా టీవీ 'పొద్దుటి పోరు' మొదలవుతుంది.

ఎదురింటాయన వీరేశం, వీళ్ళ ఇంటి ఓనరు. ఇప్పుడు అపార్ట్‌మెంటు లేచినచోట ఒకప్పుడు ఆయన జొన్నచేను ఉండేది. బిల్డరు ఇచ్చిన ఫ్లాట్లలో ఒకదాంట్లో తను, నీలమ్మ ఉంటారు, ఎదురుది వీళ్ళకు కిరాయికిచ్చారు. ఊళ్ళో ఉన్నప్పటి అలవాటు పోలేదు, పగలు తలుపు మూయడం ఆయనకు నచ్చదు. తలుపు మూస్తే ఎవరో పోయారనుకుంటారట. ఆ తెరిచిన తలుపులోంచి పొద్దుటి పోరంతా నేరుగా సంయుక్త మీటింగులోకి నడిచి వచ్చేది.

ఒకరోజు మెల్‌బోర్న్ ఆయన పని మాటలు ఆపి, మీ వీధిలో ఏమైనా అల్లర్లు జరుగుతున్నాయా, ప్రమాదమనిపిస్తే లాప్‌టాప్ వదిలేసి వెళ్ళిపోండి, ఫర్వాలేదు అన్నాడు. సంయుక్త నవ్వేసి ఊరుకుంది. మేనేజరు స్వాతి ఊరుకోలేదు. మీటింగు అయ్యాక ఫోన్ చేసి, ఇంకొక్కసారి ఇలా జరిగితే రోజూ ఆఫీసుకు రావాల్సిందేనని తేల్చేసింది. ఆ మాట విన్న భ్రమరాంబ ముందు మనవరాలి వంక, తర్వాత మొగుడి వంక చూసింది. రెండో చూపులో పని అప్పగింత ఉంది.

మర్నాడు పొద్దున విశ్వేశ్వరరావు వేసుకున్న ప్రణాళిక చాలా చిన్నది. స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, నాలుగడుగులు వేసి ఎదురింటికి వెళ్ళాలి. "టీవీ కాస్త తగ్గిస్తారా అండీ" అనాలి. వచ్చి కాఫీ తాగాలి. అద్దం ముందు ఆ వాక్యాన్ని అటూ ఇటూ తిప్పి చూసుకున్నాడు. "కాస్త" ముందుండాలా వెనకుండాలా అన్నది తేల్చుకుని బయల్దేరాడు.

"రాండ్రి సార్, రాండ్రి. ఇన్ని దినాలకు మా గడప తొక్కిండ్రు" అని వీరేశం లేచి ఎదురొచ్చాడు. కుర్చీ లాగి టీవీకి ఎదురుగా వేశాడు. నీలమ్మ అల్లం చాయ్ తెచ్చింది, వెనకే పళ్ళెంలో సర్వపిండి తెచ్చింది. ఇంత మర్యాద చేస్తున్నవాళ్ళతో ఆ మాట ఎలా అనడం? చాయ్ తాగాక అందామనుకున్నాడు. చాయ్ అయింది. సర్వపిండి అయ్యాక అందామనుకున్నాడు. తెరమీద నలుగురు ఒకరి గొంతు మీద ఇంకొకరు ఎక్కి తొక్కుకుంటున్నారు. ఆ రొదలో అన్నా వినపడదు. కార్యక్రమం అయ్యాక అందామని చివరిదాకా కూర్చున్నాడు. ఖాళీగా కూర్చుంటే బాగుండదని మధ్యమధ్య తల కూడా ఊపాడు.

అయిపోయాక వీరేశం ఎట్లుందని అడిగాడు. ఆయనింట్లో కూర్చుని, ఆయన చాయ్ తాగి, ఆయన టీవీని ఏమనగలడు? బాగుందండీ అన్నాడు. "మీ ఇంట్ల టీవీ లేదాయె. దినాం రాండ్రి సార్" అన్నాడు వీరేశం. రోజూ రావడం ఎలా కుదురుతుందండీ, పసిపిల్లతో పని అని చెప్పి విశ్వేశ్వరరావు మెల్లగా బయటపడ్డాడు.

"చెప్పారా?" అంది భ్రమరాంబ.

"సందర్భం రాలేదు."

"అల్లం టీ తాగిన వాసనొస్తోంది, సందర్భం రాలేదా?"

మర్నాడు ఏడున్నరకు పొద్దుటి పోరు ఇదివరకటికి రెట్టింపు మోతతో మొదలైంది. సంయుక్త లాప్‌టాప్ ఎత్తుకుని పడగ్గదిలోకి, అక్కణ్ణుంచి బట్టలుతికే చోటుకి మారింది. ఆమె మీటింగు ఆ పూటకు వాషింగ్ మెషీన్ పక్కన గట్టెక్కింది. నే వెళ్ళి చెప్పొస్తానని భ్రమరాంబ కొంగు బిగిస్తే విశ్వేశ్వరరావు అడ్డం పడ్డాడు. ఇంటివాళ్ళతో మాట పట్టింపు కూడదు, అసలు తప్పు వీరేశానిది కాదు, అరిచేవాళ్ళది, అరవనిచ్చేవాళ్ళది, దీనికో పద్ధతుంది అన్నాడు. పద్ధతి అన్న మాట ఆయన నోట వచ్చిందంటే ఇక ఎవరూ ఆపలేరని భ్రమరాంబకు తెలుసు.

రెండ్రోజులు ఫోన్‌లో కేబుల్ టీవీ నిబంధనలన్నీ చదివాడు. ఆ రెండ్రోజుల్లోనే నాలుగడుగులు వేసి చెప్పి వస్తే పోయేది. అది వేరే సంగతి.

"ఇదిగో చూడు. ప్రకటనలు మితిమీరి గట్టిగా ఉండకూడదని రూల్సులో స్పష్టంగా ఉంది" అన్నాడు భార్యతో.

"అరిచేది ప్రకటనలు కాదు కదండీ?"

"అదే, అక్కడే ఉంది లోపం" అన్నాడు, ఆ లోపం తనకు దొరికినందుకు సంతోషపడుతూ.

ప్రేక్షకుడికి అభ్యంతరముంటే ముందు ఛానల్‌కు రాయాలట. అక్కడ తేలకపోతే ఛానళ్ళన్నీ కలిసి పెట్టుకున్న సంఘానికి, అక్కడా తేలకపోతే ఢిల్లీలో కమిటీకి. మెట్లు బాగున్నాయనుకున్నాడు. ఫిర్యాదు రాశాడు. అది చదివితే రాయికైనా సిగ్గేసేలా ఉంది. కింద అలవాటు కొద్దీ సంఘానికీ ఢిల్లీకీ నకలు అని రాసి, వాళ్ళకూ పంపేశాడు. నకలు లేని కాగితం ఆయన సర్వీసులో ఒక్కటి లేదు.

ఢంకా టీవీ నుంచి జవాబొచ్చింది: ఏ తేదీ కార్యక్రమం మీద మీ అభ్యంతరం? విశ్వేశ్వరరావు నవ్వుకున్నాడు. "ఏ రోజుది తీసి చూసినా ఇంతే. తమరే ఒక రోజు ఎంచుకొని విచారించగలరు" అని రాసి దానికీ నకళ్ళు పంపాడు. ఈ వాక్యాన్ని గుర్తు పెట్టుకోండి. ఇది ఎక్కడికీ పోదు.

ఢంకా టీవీ పెద్ద ఛానలేం కాదు. అక్కడ ఫిర్యాదులు చూసే అమ్మాయి, చర్చలకు మనుషుల్ని పట్టుకొచ్చే అమ్మాయి ఒక్కతే. పేరు అఖిల. ఆ వారం ప్రసారాల మీద కొత్త చట్టం తేవాలా వద్దా అని ఊరంతా గోలగా ఉంది. టీవీ చర్చలకు కళ్ళెం వేయాలా అన్నది శుక్రవారం పొద్దుటి పోరు. రావలసిన లాయరుగారు జ్వరమని తప్పుకున్నాడు. ఖాళీ కుర్చీ ఒకవైపు, ఎదుట బల్లమీద విశ్వేశ్వరరావు ఫిర్యాదు ఒకవైపు. అఖిల ఫోన్ తీసింది.

"సార్, మీ కంప్లైంట్ చదివాం. శుక్రవారం పొద్దున మా స్టూడియోకి వచ్చి మీ పాయింట్ మీరే చెప్తారా?"

విశ్వేశ్వరరావు ఫోన్‌కు అరచెయ్యి అడ్డం పెట్టి, హియరింగుకు పిలిచారని భార్యతో చెప్పాడు. ఆయన ఎరిగిన లోకంలో ఫిర్యాదు చేసినవాణ్ణి పిలిచారంటే అది విచారణే. ఇంకోటి కావడానికి వీల్లేదు.

"అవతలి పక్షం వాళ్ళు కూడా హాజరవుతారామ్మా?"

"ఉంటారు సార్, ముగ్గురుంటారు."

"ఎవరి వాదనకు వారికి విడిగా టైమిస్తారు కదా?"

"తప్పకుండా సార్" అంది అఖిల. ఆ ఉద్యోగంలో ఆమె రోజుకు ఎన్నిసార్లు ఆ మాట అంటుందో ఆమెకే తెలియదు.

శుక్రవారం తెల్లవారుజామునే విశ్వేశ్వరరావు ఫైలు చంకన పెట్టుకుని మాదాపూర్‌లో దిగాడు. స్టూడియోలో ఒక కుర్రాడు ఆయన మొహానికి పౌడరు అద్దాడు, ఇంకొకడు చొక్కాలోంచి తీగ దూర్చాడు. హైదరాబాదులో హియరింగులు ఇలా చేస్తారు కాబోలనుకుని ఓర్చుకున్నాడు. టై కట్టుకున్న యాంకర్ అజయ్ రాగానే, విచారణాధికారి వచ్చాడనుకుని లేచి నిలబడి నమస్కారం పెట్టాడు. అజయ్ కంగారుపడి తనూ లేచాడు. ఆ స్టూడియోలో ఒకరికోసం ఒకరు లేవడం అదే మొదటిసారి కావచ్చు. తెరమీద విశ్వేశ్వరరావు పేరు కింద 'ప్రసార చట్టాల నిపుణుడు' అని వేశారు. అది ఆయనకు కనపడలేదు.

తక్కిన ముగ్గురిలో ఇద్దరు చెరో పార్టీ ప్రతినిధులు, ఒకాయన విశ్లేషకుడు. ఎర్రలైటు వెలిగింది. కొత్త చట్టమంటే నోరు నొక్కడమేనని ఒకాయన, మీ హయాంలో మీరు నొక్కలేదా అని రెండో ఆయన, ఇద్దరూ దొంగలేనని మూడో ఆయన. తర్వాత ఎవరు ఏమన్నారో దేవుడికే తెలియాలి. విశ్వేశ్వరరావు పద్ధతి ప్రకారం చెయ్యెత్తాడు. మీ దగ్గరికే వస్తున్నాను సార్ అన్నాడు అజయ్. మళ్ళీ ఎత్తాడు. మళ్ళీ వస్తున్నాడు. భుజం నొప్పెట్టి చెయ్యి మార్చాడు. ఇంతలో బ్రేక్ అన్నారు. పక్కనున్న తెరమీద సబ్బు ప్రకటన వచ్చింది. ఒకమ్మాయి మొహం కడుక్కుంటూ మెత్తగా, మెల్లగా, విన్నంత హాయిగా మాట్లాడింది. ఆ గదిలో చట్టాన్ని పాటించింది ఆ సబ్బు ఒక్కటే.

బ్రేక్ తర్వాత అజయ్ వాచీ చూసుకుని, నిపుణులు విశ్వేశ్వరరావుగారికి అర నిమిషం అన్నాడు. విశ్వేశ్వరరావు గొంతు సవరించుకున్నాడు. "అయ్యా, ఫిర్యాదుదారుడిగా నేను మనవి చేసుకునేదేమంటే" అని మొదలుపెట్టాడు. ఏమంటే దగ్గరే ముగ్గురూ పడ్డారు. ఎవరి మనిషివి నువ్వు అన్నాడు ఒకాయన. మళ్ళీ మొదలుపెట్టాడు. మళ్ళీ పడ్డారు. ముప్పై ఏళ్ళు ఎన్నో వేలంపాటల్లో ఎందరో మోతుబరులను కూర్చోబెట్టిన మనిషి లోపల ఏదో కదిలింది.

ఫైలు ఎత్తి బల్ల మీద ఒక్కటిచ్చాడు. నీళ్ళగ్లాసు ఎగిరి ఒక ప్రతినిధి ఒళ్ళో పడింది.

"నిశ్శబ్దం. పాటలో లేనివాళ్ళు వెనక్కి జరగండి. ఒకరు మాట్లాడేటప్పుడు రెండోవాడు నోరెత్తితే పేరు కొట్టేస్తాను. ఒకటోసారి చెబుతున్నాను."

రెండోసారి చెప్పడానికి మళ్ళీ బల్ల గుద్దాడు. మూడోసారికి స్టూడియో దీపాలు వణికాయి. లోపల గదిలో కూర్చున్నవాళ్ళు తక్కిన మైకులు ఎలాగూ వినపడటం లేదని ఆయన మైకు ఇంకాస్త పెంచారు. కార్యక్రమం అయిపోయేదాకా ఇంకొకరి గొంతు వినిపించలేదు. ఏం చెప్పాడంటే, మనిషన్నవాడు నెమ్మదిగా మాట్లాడాలని చెప్పాడు. చరిత్రలో ఆ ముక్కను అంత గట్టిగా చెప్పినవాడు లేడు.

ఆ సమయానికి కొత్తగూడలో ఏం జరిగిందో తర్వాత భ్రమరాంబ చెబితే ఆయనకు తెలిసింది. మా కిరాయి సార్ టీవీల వచ్చిండని వీరేశం బిల్డింగంతా తిరిగి చెప్పాడు. ఇంత గొప్ప మనిషి మాటలు ఇంట్లో టీవీలో వింటే ఏం మర్యాదని, బోనాల పండక్కి తెచ్చి అటకమీద పెట్టిన స్పీకరు బాక్సులు దించి కారిడార్‌లో పెట్టి తీగ కలిపాడు. ఆ రోజు సంయుక్తకు మామూలు మీటింగు కాదు, మెల్‌బోర్న్ పెద్దలందరూ కూర్చున్న రివ్యూ. వాషింగ్ మెషీన్ పక్కకు పోయినా, తలుపు కింద దుప్పటి కుక్కినా లాభం లేకపోయింది. ఒకటోసారి అన్నప్పుడు మెల్‌బోర్న్ వాళ్ళు ఆగారు. మూడోసారికి ఒకావిడ, ఎవరు ఆ పెద్దమనిషి, చాలా స్పష్టంగా వినిపిస్తున్నాడు అని అడిగింది. సంయుక్తకు అబద్ధం తోచలేదు. మా నాన్నగారు, చుట్టుపక్కల శబ్దం తగ్గించమని అడగడానికి వెళ్ళారు అని చెప్పింది.

విశ్వేశ్వరరావు లిఫ్టు దిగేసరికి వీరేశం శాలువాతో నిలబడి ఉన్నాడు. కప్పించుకుని, ఆ శాలువాతోనే ఇంట్లోకి వచ్చాడు. సంయుక్త ఫోన్ ఆయన ముందు పెట్టింది. సోమవారం నుంచి ఆఫీసుకు రమ్మని స్వాతి పంపిన సందేశం.

"నాన్నా, నువ్వెళ్ళింది దేనికి?"

"అరవొద్దని చెప్పడానికేనమ్మా."

"చెప్పావు. మెల్‌బోర్న్ దాకా వినపడింది."

ఆయన శాలువా తీసి మడతపెట్టాడు. మడతలు సరిగ్గా రాలేదు.

సోమవారం పొద్దున్నే సంయుక్త వెళ్ళిపోయింది. రసజ్ఞకు ఆకలేసింది. భ్రమరాంబ సీసా పట్టింది, చెంచా పట్టింది, ఉగ్గుగిన్నె పట్టింది. పిల్ల దేన్నీ ఒప్పుకోలేదు. విశ్వేశ్వరరావు భుజాన వేసుకుని కారిడార్‌లో తిప్పుతుంటే ఎదురింట్లో ఢంకా టీవీ మొదలైంది. శుక్రవారం ఆయన చేసిన వీరంగం ఊరంతా ఫోన్లలో తిరుగుతోందని, ఛానల్‌వాళ్ళు దాన్ని పొద్దుటి పోరుకు ముందు వేసే ముక్కగా పెట్టుకున్నారు. "నిశ్శబ్దం" అని టీవీలో తాత అరిచాడు. ఏడుస్తున్న పిల్ల ఠక్కున ఆపి టీవీ వంక చూసింది. తనను ఎత్తుకున్న తాత వంక చూసింది. ఇద్దరూ ఒకరేనని తేల్చుకుని, ఈసారి గుక్కపట్టి ఏడ్చింది.

మధ్యాహ్నం ఫ్లైఓవర్ మీద ఇరుక్కుని ఇరుక్కుని సంయుక్త వచ్చేసరికి పిల్ల అలిసి నిద్రపోయింది. సంయుక్త చెప్పులు విప్పకుండానే పక్కన కూర్చుంది. తనను నాలుగు మాటలంటే బాగుండునని విశ్వేశ్వరరావు అనుకున్నాడు. రేపైనా ఎదురింటికెళ్ళి చెప్పరాదా అంది భ్రమరాంబ. శాలువా కప్పినవాడితో ఏమని చెప్పను, హియరింగు అయింది కదా, ఆర్డరు రానీ అన్నాడాయన.

"ఆర్డరు వచ్చేసరికి దీనికి పెళ్ళీడొస్తుంది" అంది భ్రమరాంబ.

అంత ఆలస్యం కాలేదు. నకళ్ళు పని చేశాయి. వారం తిరిగేసరికి ఛానళ్ళ సంఘం తీర్పు ఇచ్చేసింది. విశ్వేశ్వరరావు కళ్ళజోడు తుడుచుకుని భార్యకూ కూతురికీ పైకి చదివి వినిపించాడు. ఫిర్యాదులో న్యాయముంది. ప్రేక్షకుడు చెప్పినట్టే పొద్దుటి పోరులో అరుపులు హద్దు మీరాయి. అక్కడిదాకా ఆయన గొంతు పొంగింది. "ఏ రోజుదైనా ఎంచుకొని విచారించవచ్చునని ఫిర్యాదుదారు కోరినందున, ఇటీవలి కార్యక్రమాలన్నీ పరిశీలించి, వాటిలో అతి ఘోరమైన శుక్రవారంనాటి కార్యక్రమాన్ని" అనేదాకా వచ్చి ఆగిపోయాడు. తక్కినది సంయుక్త తీసుకుని చదివింది. ఒక అతిథి బల్లలు గుద్దుతూ, నీళ్ళు ఒలకబోస్తూ ఇతరులను మాట్లాడనివ్వకుండా కార్యక్రమమంతా అరిచారట. ఛానల్ క్షమాపణ ప్రసారం చేయాలట. ఆ అతిథిని మళ్ళీ పిలిచేముందు బాగా ఆలోచించుకోవాలట. చదువుతూ చదువుతూ సంయుక్త మూడు వారాల తర్వాత నవ్వింది. భ్రమరాంబ నవ్వలేదు, వంటింట్లోకి వెళ్ళి నవ్వింది.

మర్నాడు పొద్దున్నే, పోరు ఇంకా మొదలుకాకముందే, ఎదురింటి టీవీ అడుగున అక్షరాలు పరిగెత్తాయి. రాసింది అఖిలే. 'నిపుణులు విశ్వేశ్వరరావుగారి అరుపుల వల్ల ప్రేక్షకులు విశ్వేశ్వరరావుగారికి కలిగిన అసౌకర్యానికి ఢంకా టీవీ చింతిస్తోంది.'

ఆ అక్షరాలు పూర్తిగా దాటకముందే వీరేశం వీళ్ళ గుమ్మంలో ఉన్నాడు. మొహం ఎర్రబడి ఉంది. వెనకే నీలమ్మ.

"ఎవడు సార్ వాడు? మీ పేరే పెట్టుకొని మీ మీదనే కంప్లైంట్ ఇచ్చిండు. అడ్రస్ చెప్పుండ్రి, మా వాళ్ళను తోలుకపోయి మాట్లాడొస్త."

"వద్దండీ వీరేశంగారూ."

"ఎందుకొద్దు సార్? మీరు మంచిగ మాట్లాడితే వానికేం పరేషాను?"

విశ్వేశ్వరరావు వెనక్కి చూశాడు. సంయుక్త ఆఫీసు బ్యాగు భుజాన వేసుకుని, పిల్లను భ్రమరాంబ చేతికి ఇవ్వలేక ఇవ్వలేక ఇస్తోంది. పిల్ల తల్లి మెళ్ళో ఐడీ కార్డు తాడు పట్టుకుని వదలడం లేదు.

"వాడు నేనేనండీ" అన్నాడు.

వీరేశానికి అర్థం కాలేదు. అప్పుడు విశ్వేశ్వరరావు, అద్దం ముందు సాధన చేసిన ఆ వాక్యాన్ని, "కాస్త" ఎక్కడ పడుతుందో చూసుకోకుండా అనేశాడు.

"మీ టీవీ తగ్గించండి, కాస్త. అమ్మాయి పనికి అడ్డమొస్తోంది. ఆరోజు నేనొచ్చింది అది చెప్పడానికేనండీ."

వీరేశం నోరు తెరిచి నీలమ్మ వంక చూశాడు. నీలమ్మ నెత్తి మీద చెయ్యి పెట్టుకుంది.

"నీ కోసమే పెంచిన కద సార్" అన్నాడు వీరేశం చివరికి. ఆ రోజు సార్ వచ్చి ఆఖరు దాకా కూర్చుని తలకాయ ఊపాడని, ఇంట్లో టీవీ లేదని, రోజూ రావడానికి మొహమాటపడుతున్నాడని, పోనీ ఇంట్లో కూర్చునే వింటాడని మర్నాటి నుంచి సౌండు నిండుగా పెట్టాడట. ఆ లొల్లికి నీలమ్మకు రోజూ తలనొప్పి. గోలీలు మింగుతోంది. సార్‌కు ఇష్టం కదా అని ఓర్చుకుంటోంది.

"గీ ఒక్క ముచ్చట చెప్పనీకి ఢిల్లీ దాక పోయినవా సార్? ఎదురుంగనే ఉన్న కద. తలుపు గూడ తీసే ఉంటది."

ఆయన లోపలికి పోయి రిమోట్ నొక్కాడు. కారిడార్‌లో ఉన్నట్టుండి పక్క అపార్ట్‌మెంటులో కుక్కర్ కూత వినపడింది. విశ్వేశ్వరరావుకు ఆ ఇంట్లో చేరాక అది వినపడటం అదే మొదలు.

సంయుక్త ఆ పూట ఆఫీసుకు పోలేదు. మేనేజరు స్వాతిని ఒక్క వారం చూడమని అడిగింది. స్వాతి కూడా ఆ వీడియో చూసింది. ఒక్క వారమే అని ఒప్పుకుంది. ఏడున్నరకు మీటింగు మొదలైంది. ఎక్కడా చప్పుడు లేదు. పక్కగదిలో రసజ్ఞ కడుపు నిండి పడుకుంది. కాసేపటికి మెల్‌బోర్న్ ఆవిడ అనుమానంగా, ఇవాళ మీ నాన్నగారి గొంతు లేదు, ఒంట్లో బాగానే ఉందా అని అడిగింది. వారం గడిచింది. స్వాతి మళ్ళీ ఆఫీసు ఊసెత్తలేదు.

కొత్తగూడలో ఒక అంతస్తు బాగుపడింది. సరే. స్టూడియోలో ఏం మారింది? ఏమీ మారలేదు. ఆ రోజు ఏడున్నరకు క్షమాపణ అక్షరాలు మళ్ళీ కింద పరిగెడుతుండగానే పైన నలుగురూ, టీవీలో అరుపులకు బాధ్యులెవరని అరుచుకున్నారు. రిమోట్ నొక్కే వీరేశం ప్రతి గుమ్మానికీ ఎదురుగా ఉండడు. కాబట్టి ఢిల్లీ పెద్దలారా, కొత్త చట్టం ఎప్పుడొస్తుందో రానివ్వండి, ప్రకటనలు గట్టిగా ఉండకూడదన్న ఆ పాత నిబంధనలో ప్రకటనల పక్కన చర్చలు అన్న ముక్క ఇప్పుడే చేర్చండి. ఛానల్ పెద్దలారా, మీకు చట్టంతో పని లేదు, ఒకరు మాట్లాడేటప్పుడు మూడు మైకులు కట్టేయండి, అంతే. ఎవరికైనా అభ్యంతరముంటే అందరినీ పిలిచి హియరింగు పెట్టండి.

విశ్వేశ్వరరావును మాత్రం పిలవకండి, ఆయన రాసి పంపుతాడు.